కమలను ఎవరు అడిగిన్రు?

(గోదావరిఖని బస్తీ సమావేశంలో ఒక ఉపాధ్యాయుడు చేసిన ప్రసంగం)



నేను బొగ్గుబాయి కార్మికుని కొడుకును. మా ఇంట్ల పేపరు చదువుడు నాతోనే మొదలైంది. అచ్చయిందంటే నిజమే అనుకునేటోణ్ని.

విజయ్ తెండూల్కర్ మరాఠీలో రాసిన ‘కమల’ అనే స్టేజీ నాటకాన్ని టీవీలో చూసిన. ఢిల్లీ విలేకరి ఒకాయన ఆడవాళ్లను అమ్మే సంతకు పోయి, 250 రూపాయలకు కమల అనే ఆదివాసీ స్త్రీని కొనుక్కొస్తడు. ఈ వ్యాపారాన్ని బయటపెడతనంటడు. మంచి పనే గదా! కానీ ఆమెకు ఒక్క ముక్క చెప్పడు. చినిగిన బట్టలతోనే ప్రెస్‌మీట్‌కు తీస్కపోతడు. అక్కడ పత్రికలోళ్లు అడగరానివి అడిగి నవ్వుతరు. ఇంటికొచ్చిన కమల, ఆయన భార్య సరితను నిన్నెంతకు కొన్నడని అడుగుతది. చదువుకున్న సరితకు తన బతుకేందో అప్పుడు తెలుస్తది. పని అయినంక కమలను ఆశ్రమానికి పంపుతరు. పెద్దల ఒత్తిడి రాంగనే యజమాని ఆ విలేకరిని కూడా ఉద్యోగంలకెల్లి తీసేస్తడు.

ఇది ఉత్త కల్పన కాదు. 1981లో ఇండియన్ ఎక్స్‌ప్రెస్ విలేకరి అశ్విని సరీన్ 2,300 రూపాయలకు ఒక స్త్రీని నిజంగనే కొని వార్త రాసిండు.

మనకెందుకీ ముచ్చట అంటరా? చుండూరు సంగతి చూడండి. 1991 ఆగస్టు 6న 8 మంది దళితులను చంపి, శవాలను గోనెసంచుల్లో కుక్కి కాల్వలో పడేసిన్రు. ఇప్పటికీ చాలామంది దాన్ని సినిమా హాల్లో కాలు తగిలిన గొడవ అనే చెప్తరు. అంతకుముందు నడిచిన సాంఘిక బహిష్కరణ ఎంతమందికి యాదికున్నది? 2007లో ప్రత్యేక కోర్టు 21 మందికి యావజ్జీవ శిక్ష వేస్తే, 2014లో హైకోర్టు కొట్టేసింది.

మా బస్తీలనే లారీ కింద పడి కొడుకు పోయిన తల్లిని ఒక కెమెరా ఆయన ఇంకోసారి ఏడ్వమన్నడు. మొదటిసారి సరిగ పడలేదట! ఆమె ఏడ్చింది. లారీ ఎవరిదో ఆయన అడగలే.

విలేకర్లను రానియ్యొద్దని నేనంటలేను. వాళ్లు రాకుంటే కేసే కట్టని ఠాణాలున్నయి. కానీ ముందు ఆస్పత్రి, 1989 అట్రాసిటీ చట్టం కింద కేసు, చేతికి ఎఫ్.ఐ.ఆర్. కాపీ. ఫొటో దిగుడా, వద్దా అనేది ఆ ఇంటి మనిషే తేల్చుకోవాలె. అత్యాచారానికి గురైన ఆడబిడ్డ పేరు అచ్చెయ్యడం నేరమని మొహం మీదనే చెప్పండి.

మనమేం తక్కువ తినలేదు. ఒక ధర్నాలో బాధితురాలిని పొద్దంతా స్టేజీ మీద నిలబెట్టినం. పక్కన మన నాయకులు దండలు వేయించుకున్నరు. ఆమె అన్నం తిన్నదా అని ఎవ్వరూ అడగలే. నేను కూడా అడగలే.