న్యాయపీఠం మీద బ్రౌన్: రాయికల్ స్మారకోపన్యాసం

ఎవరి స్మృతిలో ఈ సభ జరుగుతున్నదో ఆ సారు, ఈ ఊరి పిల్లలకు పద్యంతో పాటు నిఘంటువు తిరగేయడం కూడా అలవాటు చేశారు. అందుకే ఈరోజు సి.పి. బ్రౌన్ గురించి మాట్లాడదలచాను. అయితే పండితుడిగా కాదు, కోర్టులో కూర్చున్న జడ్జిగా.

1798లో కలకత్తాలో పుట్టడం, 1817లో మద్రాసు రావడం, 1820లో కడప కలెక్టరు కచేరీలో చేరడం మీకు తెలిసినవే. నేను ఏళ్లుగా వెతుకుతున్నది ఆ తర్వాతి ఘట్టం: మచిలీపట్నం, రాజమండ్రి జిల్లా కోర్టుల్లో ఆయన కొలువు.

ఆనాటి కంపెనీ కోర్టులో ధర్మశాస్త్రం చెప్పడానికి పండితుడు, ఇస్లామిక్ న్యాయం చెప్పడానికి ముఫ్తీ ఉండేవారు. కాగితాల నిండా ఫార్సీ మాటలు. సాక్షి మాత్రం తన తెలుగులోనే చెప్పుకునేవాడు. గట్టు తగాదా, అప్పు పత్రం, దత్తత గొడవ కావ్యభాషలో రావు. ఆ మాట తెలియని జడ్జి, గుమాస్తా చెప్పిందే నమ్మాలి. బ్రౌన్ వేమన పద్యాల వేట మొదలుపెట్టింది ఈ కోర్టు రోజుల్లోనే, 1824లో. 1829లో అవి అచ్చయ్యాయి.

ఇక్కడ కొందరు పరిశోధకులతో నాకు పాత పేచీ ఉంది. ఉద్యోగం ఆయనకు బతుకుతెరువు మాత్రమేననీ, సాహిత్యసేవకు అది అడ్డమైందనీ వారంటారు. ఒప్పుకోను. 1852లో ఆయన అచ్చు వేసినవి చూడండి. కచేరీ మాటలకు అర్థాలు చెప్పే ‘జిల్లా డిక్షనరీ’. ఉత్తరాలు, పోలీసు, రెవెన్యూ కాగితాలతో కూర్చిన ‘తెలుగు రీడర్’. 1854లో అన్యదేశ్యాలకు మిశ్రభాషా నిఘంటువు. కోర్టు మెట్లెక్కని పండితుడికి ఈ పుస్తకాల అవసరమే తోచదు. వాడుక మాటలకు చోటిచ్చాడని ఆయన పెద్ద తెలుగు-ఇంగ్లీషు నిఘంటువును తప్పుపట్టేవారికీ నాది ఇదే జవాబు. 1885 నాటి ‘శబ్దరత్నాకరం’ నిఘంటువు కావ్యపాఠకుడికి పెన్నిధి, కాదనను. కానీ అర్జీ పెట్టుకునే రైతు మాటకు అర్థం కావాలంటే బ్రౌన్ దగ్గరికే వెళ్లాలి.

సమయం మించుతోంది. మిగతాది క్లుప్తంగా చెబుతాను. 1855లో కొలువు విడిచి, లండన్‌లో తెలుగు ఆచార్యుడై, 1884లో కన్నుమూశారు. అదే దశకంలో మన నిజాం రాజ్యంలో కోర్టుల భాష ఫార్సీ నుంచి ఉర్దూకు మారింది. ఎలగందల్ జిల్లా తెలుగు రైతుకు రెండూ పరాయివే. ఆ తర్వాత ఇంగ్లీషు వచ్చింది. 2023లో తెలంగాణ హైకోర్టు ఒక తీర్పును తెలుగులోనూ వెలువరించింది.

కక్షిదారుకు అర్థం కాని తీర్పు సగం న్యాయమే. జగిత్యాల, కోరుట్ల యువ న్యాయవాదులకు నా మనవి ఒక్కటే. సిరిసిల్ల మగ్గం మాట, మన పొలం మాట బోనులో ఎలా వినిపిస్తాయో అలాగే రాసిపెట్టండి. సారుకు మనం అర్పించే నివాళి ఆ నిఘంటువే కావాలి.