కొయ్యపడవపై సీమీ ద్వీప ప్రదక్షిణము

(పాఠశాల వార్షికోత్సవ సందర్భమున తల్లిదండ్రుల సభలో చేసిన ప్రసంగ పాఠము)



నేను చేసివచ్చిన గ్రీసుదేశ యాత్రనుగూర్చి నాలుగు మాటలు చెప్పవలసినదని ప్రధానోపాధ్యాయులవారు ఆదేశించిరి. గ్రీసు అనగానే మనకు ఏథెన్సు నగరము, కొండమీది పాలరాతి ఆలయము, సోక్రటీసు త్రాగిన విషపాత్ర జ్ఞప్తికి వచ్చును. వానినిగూర్చి చెప్పుటకు గ్రంథములు పెక్కు కలవు. నేను ఒక్క దినమునుగూర్చియు, ఒక్క కొయ్యపడవనుగూర్చియు మాత్రమే చెప్పదలచితిని. ఇంతమంది తల్లిదండ్రులు కూడిన సభలో పడవ ముచ్చట లేల యని మీకు తోచవచ్చును. ఆ సందేహము నడుమ తీరగలదు.

ఏజియను సముద్రపు ఆగ్నేయమూలను, టర్కీ తీరమునకు మిక్కిలి చేరువగా, సీమీ యను చిన్న ద్వీపమున్నది. రోడ్సు ద్వీపమునుండి స్టీమరుపై ఒకటి రెండు గంటలలో చేరవచ్చును. అంతయు రాతినేల. నది యొక్కటియు లేదు. పంట తక్కువ. అందుచేత ఆ ద్వీపవాసులు ఏనాటినుండియో సముద్రమునే పొలముగా చేసికొనిరి. హోమరు మహాకవి ట్రాయి యుద్ధమునకు పోయిన ఓడల పట్టికలో ఈ ద్వీపమును మరువలేదు. నీరేయుసు అను అందగాడు ఇచ్చటినుండి మూడే మూడు ఓడలతో వెళ్లెనట! గ్రీకు నావికులు మనకును బొత్తిగా కొత్తవారు కారు. క్రీస్తుశకము 1వ శతాబ్దమున గ్రీకుభాషలో ఒక వర్తకుడు వ్రాసిన సముద్రయాన గ్రంథమున మసాలియా యను ప్రాంతమును, అచ్చట నేయు సన్నని వస్త్రములును పేర్కొనబడినవి. అది మన మచిలీపట్టణపు తీరమని పండితుల అభిప్రాయము.

సీమీవారి ప్రధానవృత్తి సముద్రగర్భమునుండి స్పంజి తీయుట. స్పంజి యనగా అడుగున రాళ్లను అంటుకొని పెరుగు ఒక ప్రాణి. పూర్వము మునుగువారు బల్లపరుపు రాతిని చేతబట్టి, దాని బరువుతో అడుగునకు దిగెడివారు. పందొమ్మిదవ శతాబ్దమున ఇత్తడి శిరస్త్రాణము, గాలిగొట్టము గల దుస్తులు వచ్చినవి. వానితో లోతు పెరిగినది, లాభము పెరిగినది. లోతునుండి త్వరగా పైకి వచ్చుటచేత రక్తమున గాలిబుడగలు పుట్టి కాలుసేతులు పడిపోయినవారి సంఖ్యయు పెరిగినది. రేవు చుట్టు మెట్లుమెట్లుగా నిలిచిన పసుపుపచ్చ, గోధుమవన్నె మేడలన్నియు ఆ స్పంజి సొమ్ముతో కట్టినవే. ఈ ద్వీపపు మునుగువారే 1900 సంవత్సరమున గాలివానకు వెరచి ఆంటికితేరా ద్వీపమున ఆగి, నీటి అడుగున పురాతన నౌకయొకటి మునిగియుండుట చూచిరి. గ్రహగతులను లెక్కించు కంచు పళ్లచక్రముల యంత్రము దానిలోనిదే. నేడది ఏథెన్సు జాతీయ పురావస్తుశాలలో ఉన్నది. 1912 ప్రాంతమున సీమీ జనసంఖ్య 20,000 దాటియుండెనని చెప్పుదురు. నేడు సుమారు 2,500.

ఇక పడవ సంగతి. రోడ్సునుండి దినదినము వందలమందిని మోసికొనివచ్చు పెద్ద ఓడలు వేరు. మేమెక్కినది సుమారు 14 మీటర్ల కొయ్యపడవ. ప్రయాణికులము పండ్రెండుగురము, డెబ్బది యేండ్ల సరంగు, పదేండ్ల ఆతని మనుమడు. ఎక్కగానే అందరి చెప్పులును ఒక గంపలో వేయించిరి. పడవ రంగు తెలుపు, అంచు నీలము. ముందువెనుకలు రెండును కొనతేలి యుండుట ఈ జాతి పడవ లక్షణము. దీనిని త్రెహందీరి యందురు. పొడవు వెడల్పునకు ఇంచుమించు మూడింతలు. ఈ మాదిరి పడవ మొదట 1658లో హీద్రా ద్వీపమున కట్టబడెనని వారి సంప్రదాయము. దీనికి దేవదారు జాతి పైను కలప వాడుదురు. సామోసు ద్వీపపు పైను చెట్లు ఇందుకు పేరుపొందినవి. పడవ ప్రక్కటెముకలకు వంపు కావలెను గదా! కొయ్యను బలవంతముగా వంచుటకంటె, సహజముగా వంగి పెరిగిన కొమ్మను అడవిలోనే ఏరుకొందురట. వడ్రంగి కాగితముపై పటము గీయడు. తండ్రినుండి వచ్చిన కొయ్య అచ్చులు కొన్ని ఆతనికి చాలును. పలకల సందులలో దూది కూరి, పైన మెత్తుపూసి, రంగు వేయుదురు. కోరంగి, తాళ్లరేవు తీరమున ఓడలు కట్టిన మన వడ్రంగులను ఎరిగినవారికి ఇందు వింత తోచదు.

ఉదయము 10 గంటలకు బయలుదేరితిమి. సరంగు "వీరా!" అని కేకవేసెను. మనుమడు లంగరు పైకి లాగెను. తరువాత ఆ దినమంతయు అట్టి కేకలు వినుచుంటిని. "మాయినా" యన్న దింపుమని, "ఫూందో" యన్న లంగరు జారవిడువుమని అర్థము. ఇవన్నియు ఇటలీ నావికులనుండి వచ్చిన మాటలు. పడవకు వారు వాడు పేరు "కయీకి"; అది తురుష్కభాషా పదము. పడవ వెనుకభాగమునకు మాత్రము హోమరు కాలపు గ్రీకుమాటయే, "ప్రిమ్ని" యని, నేటికిని నిలిచియున్నది. ఒక్క పడవలో మూడు భాషలు! అయినను ఆ తాతామనుమల సంభాషణ గ్రీకు కాదని ఎవ్వరందురు? మన చుక్కాని అరబ్బీనుండి వచ్చినది. లంగరు, సరంగు పారసీకమునుండి వచ్చినవి. తెడ్డును తెరచాపను వానిప్రక్కనే చేర్చుకొని మనము తెలుగుపడవనే నడిపితిమి. మన పిల్లల మాటలో ఈ రాష్ట్రభాషాపదము దొరలినదని కలతచెందు తల్లిదండ్రులను కొందరిని ఎరుగుదును. నాకా కలత లేదు. లెక్క చూచుకొనుటకును, బేరమాడుటకును, బిడ్డను కోప్పడుటకును తెలుగు పనికిరాక, పండుగనాటి పద్యమునకు మాత్రమే మిగిలిన ఇల్లున్నదే, దానినిగూర్చియే నా కలత.

ద్వీపమునకు ఉత్తరముగా పోయి, పడమటి తీరమువెంట దిగితిమి. వేసవిలో ఆ సముద్రముపై మెల్తేమి యను ఉత్తరపు గాలి వీచును. ఆకాశమున మబ్బు కానరాదు, అయినను అలలు లేచును. గాలిని చూచి ఏ మూలకు ముందు పోవలెనో సరంగు ఆనాటికానాడు నిర్ణయించును. నైరృతిమూలను పనొర్మీతీసు యను మఠమున్నది. మిఖాయేలు అను దేవదూత పేర వెలసిన ఆ మఠమునకు నావికులు మ్రొక్కులు చెల్లింతురు. మాలో ఎవ్వరును నావికులు కాకున్నను అందరును దిగి దీపము వెలిగించిరి.

మధ్యాహ్నము సెస్క్లియా యను జనశూన్యమైన చిన్నదీవికడ లంగరు వేసిరి. సరంగు ఒడ్డున నిప్పులు రాజేసి చేపలు కాల్చెను. శాకాహారినగు నాకు టమాటా, దోసకాయ, ఉల్లి, మేకపాల జున్ను దొరకినవి. దోసకాయను, వెల్లుల్లిని పెరుగులో కలిపిన పచ్చడియొకటి కలదు. మన పెరుగుపచ్చడికి పోపు మరచినట్లుండును. నీటి సంగతి చెప్పితీరవలెను. 10 మీటర్ల అడుగున లంగరుగొలుసు కడియములు లెక్కింపవచ్చును. నదులు లేవు గనుక ఒండ్రు రాదు. సూక్ష్మజీవులకు మేత తక్కువ. అందుచేత నీరు అద్దమువలె నుండును. మన గోదావరి ముఖద్వారమున నీరు మురికియైనను చేపలు సమృద్ధి. అచ్చట అందము హెచ్చు, చేప తక్కువ. నాకు ఈత రాదు. తక్కినవారు ఈదుచుండగా నిచ్చెన చివరిమెట్టుపై కూర్చుండి పాదములు నీటిలో నుంచితిని.

అప్పుడే సరంగు నాప్రక్కన కూర్చుండి, నాదేశమేదని, నాభాషయేదని అడిగెను. మా పాఠశాల సంగతి చెప్పితిని. మీ రాష్ట్రపు భాష వేరు, మీ ఇంటిభాష వేరు గదాయని కొంతసేపు ఊరకుండి, తన తల్లి చదువునుగూర్చి చెప్పెను. ఆ పండ్రెండు దీవులను 1912లో ఇటలీవారు ఆక్రమించిరి. 1936లో దె వెక్కి యను గవర్నరు వచ్చిన పిమ్మట పాఠశాలలలో ఇటాలియను భాష నిర్బంధమైనది. ఆతని తల్లి పగలు బడిలో ఇటాలియను చదివి, రాత్రి పురోహితుని ఇంట దీపము తగ్గించుకొని గ్రీకు అక్షరములు దిద్దెనట. జర్మనుసేనలు ఆ దీవులను అప్పగించిన పత్రముపై సంతకములు 1945 మే 8న సీమీలోనే జరిగినవి. 1948 మార్చి 7న దీవులు గ్రీసులో లాంఛనముగా చేరినవి. "మా అమ్మ ఇటాలియను మరువలేదు. అది చెడ్డభాష కాదు. కాని తన బిడ్డలను ఆ భాషలో నిదురపుచ్చలేదు" అని ఆతడనెను. మన రాజ్యాంగమున 350-ఎ అధికరణము మాతృభాషలో ప్రాథమికవిద్యకు ఏర్పాటు చేయుడని ప్రభుత్వములకు చెప్పుచున్నది. మన పిల్లలు దీపము తగ్గించుకొనవలసిన అగత్యము లేదు. అయినను మన బడిలో చేరు పిల్లల పేర్లు ఏటేట పెరుగుచున్నవా, తరుగుచున్నవా, ఈ సభలోనివారు నాకంటె బాగుగా ఎరుగుదురు.

భోజనానంతరము తూర్పుతీరమునకు తిరిగితిమి. సెయింటు జార్జి అఖాతమున సుమారు 300 మీటర్ల నిటారు కొండ నీటిలోనికి దిగియున్నది. సముద్రముపై తప్ప చేరు దారి లేదు. పడవ దాని నీడలోనికి పోగానే వేడి తగ్గి, యంత్రపు టకటక శబ్దము రాతికి తగిలి రెండుగా వినవచ్చెను. కొంతసేపు యంత్రము నాపిరి. మాలో ఎవ్వరును మాటాడలేదు.

ఇట్టి పడవలు ఒకప్పుడు గ్రీసున ప్రతి రేవునను బారులుతీరి యుండెడివి. 1990 దశకమునుండి ఐరోపా సమాఖ్య, సముద్రమున చేపలు తరిగిపోవుచున్నవని, పడవల సంఖ్య తగ్గింప బూనినది. అనుమతిపత్రమును వదలుకొను జాలరికి పరిహార మిత్తురు. ఆతని పడవను యంత్రములతో నుగ్గుచేయుదురు. ఇట్లు 10,000కు మించిన పడవలు పోయినవి, పెక్కు కొయ్యవే. చేపలు తరుగుట నిజమే. వృద్ధుడైన జాలరికి ఆ సొమ్ము అక్కరయే. అయినను చేపలు పట్టరాదన్నంతమాత్రమున పడవనేల చీల్చవలెనో నాకు బోధపడలేదు. మా సరంగు తండ్రి ఈ పడవతోనే చేపలు పట్టెను. వలలు దింపి, బల్లలు వేసి, నీడకు గుడ్డకట్టి, ప్రయాణికులను ఎక్కించుకొనుటచేత ఇది మిగిలినది. యాత్రికుల వినోదమునకై బ్రతుకు పడవ నిజమైన పడవయేనాయని మాలో ఒకరు ఆక్షేపించిరి. నాకు ఆ ఆక్షేపము రుచింపలేదు. పనియున్నంతకాలమే కొయ్యపడవ నిలుచును. నీటిలోనుండిన పలకలు ఉబ్బి సందులు మూసికొనును. గౌరవముగా ఒడ్డునెక్కించి నిలిపితిరా, ఎండి నోళ్లు తెరచును.

ఆక్షేపింపదగినది వేరొకటి కలదు. పడవలు నడపువారు మిగిలిరి గాని కట్టువారు మిగులుట లేదు. ఏటేట శీతకాలమున పడవను ఒడ్డునకు లాగి, అడుగు గీకి, రంగు వేయవలెను. పుచ్చిన పలక మార్చవలెను. రంగు తానే వేయుననియు, పలకకు మాత్రము వడ్రంగిని వెదకి, దొరకువరకు వేచియుండవలసి వచ్చుచున్నదనియు సరంగు చెప్పెను. మనుమడు ఆ పని నేర్చునాయని అడిగితిని. "వానికి మాటలన్నియు వచ్చును. చేతికి ఉలి ఇంకను ఇయ్యలేదు. ఈ శీతకాలమున ఇత్తును" అనెను. వాని తల్లి మాత్రము వాడు రోడ్సులో చదివి హోటలు ఉద్యోగములో చేరవలెనని కోరుచున్నదట. ఆమెను తప్పుపట్టుట నాకు సాధ్యము కాదు.

సాయంకాలము 5 గంటలకు రేవు చేరితిమి. "ఫూందో!" యన్న కేక వినబడకమునుపే బాలుడు లంగరు విడిచి, వెనుకత్రాడు చేతబట్టుకొని ఒడ్డునకు దుమికెను. మేము గంపలో చెప్పులు వెదకికొనుచుండగానే తాతయు మనుమడును మరునాటి ప్రయాణమునకై మంచినీటి పీపాలు ఎక్కింపసాగిరి.