పెట్రోలులో మన మక్కలు

(పురానాపూల్ సభలో చేసిన ప్రసంగం)

ఈ పూల్ దగ్గర తిరిగే బండ్ల పెట్రోలులో ఇప్పుడు నూటికి 20 పాళ్ల దాకా ఇథనాలే. చెరుకు మడ్డి, నూకలు, మక్కలు పులియబెట్టి తీస్తారు. దేశానికి కావలసిన ముడిచమురులో నూటికి 85 పాళ్లకు పైగా బయటి నుంచే కొంటున్నాం. ఆ డాలర్లు మిగలాలి, చెరుకు బాకీలు తీరాలి, పొగ తగ్గాలి అన్నారు. 2030కి అనుకున్న గడువును 2025-26కే జరిపారు. మేము కాదనం. కాకపోతే ఇథనాల్‌లో శక్తి పెట్రోలు కంటే మూడో వంతు తక్కువ, మైలేజీ కొంత పడుతుంది. బండి నడిపేవాళ్లకు అదీ చెప్పాలి కదా!

మా గోస వేరు. ఇథనాల్‌కు సర్కారే ధర కడుతుంది, ఆయిల్ కంపెనీలు ఆ ధరకే కొంటాయి. మక్కలకు 2025-26లో క్వింటాలుకు 2,400 రూపాయల మద్దతు ధర ప్రకటించారు. తేమ ఉందంటే, గింజ సన్నమంటే మేము అంతకు తక్కువకే అమ్ముకొని వచ్చాం.

ఇక నీళ్లు. మూసీ ఒడ్డున ఉన్నాం, ఫ్యాక్టరీ నీళ్ల సంగతి మీకు మేము చెప్పాలా? 2024 నవంబరులో నిర్మల్ జిల్లా దిలావర్‌పూర్ జనం రోడ్డెక్కాకే అక్కడి ఇథనాల్ ఫ్యాక్టరీ పనులు ఆగాయి.

ఫ్యాక్టరీలు మద్దతు ధరకు తగ్గకుండా మక్కలు కొనాలి, గ్రామసభ ఒప్పుకున్నాకే పునాది తియ్యాలి. ఈ రెండూ సర్కారు కాగితం మీద రాసివ్వాలని అడుగుతున్నాం.