2,222 మంది పేర్లు
(కొడవలూరులో చేసిన స్మారకోపన్యాసం)



1878 జూలై 3న గుండ్లకమ్మ ఒడ్డున 2,222 మంది ఒక్క రోజులో బాప్తిస్మం తీసుకున్నారు. ఒంగోలు అప్పుడు మన నెల్లూరు జిల్లాలోనే ఉంది. వాళ్లలో ఎక్కువమంది మాదిగలు. ధాత కరువు ఊళ్లను తుడిచిపెట్టి అప్పటికి ఎన్నాళ్లో కాలేదు. మనకు తూర్పున, సముద్రం వెంబడి పోయే బకింగ్‌హామ్ కాలువను ఆ కరువు పనుల్లోనే పొడిగించారు. అందులో మూడు మైళ్లకు పైగా తవ్వకాన్ని, ఆ బాప్తిస్మాలు జరిపించిన అమెరికన్ బాప్తిస్టు మిషనరీ జాన్ క్లౌ కంట్రాక్టుకు తీసుకుని, ఆకలితో వచ్చినవాళ్లకు కూలి ఇచ్చాడు. 2,222 అనే అంకె మిషన్ చరిత్ర చెప్పేవాళ్లందరికీ తెలుసు. కాలువ తవ్విన ఒక్క మనిషి పేరు, తట్ట మోసిన అతని భార్య పేరు చెప్పమంటే ఈ సభలో ఎవరం చెప్పలేం. నా బాధంతా అదే.

ఇదే బాధ అమెరికాలోని నల్లజాతి పరిశోధకులను కంప్యూటర్ల వైపు నడిపించింది. ఆఫ్రికా నుంచి బానిసలను తరలించిన ఓడ ప్రయాణాల వివరాలను 2008లో అట్లాంటాలోని ఎమరీ విశ్వవిద్యాలయం అందరికీ అందుబాటులో పెట్టింది. ఓడ ఎక్కించిన మనుషులు కోటీ 25 లక్షలని అంచనా. చాలా గొప్ప పని అది. కానీ దానికి ఆధారం, మనుషుల్ని సరుకుగా లెక్కగట్టినవాళ్ల పద్దులు. ఆ లెక్కను అలాగే కంప్యూటర్లోకి ఎక్కిస్తే పాత అన్యాయం కొత్త తెర మీద మళ్లీ కనబడుతుందని చరిత్రకారిణి జెస్సికా మేరీ జాన్సన్ 2018లో హెచ్చరించారు. అంతకు రెండేళ్ల ముందే పరిశోధకురాలు కిమ్ గాలన్, నల్లజాతి చరిత్రను కంప్యూటర్లతో వెతికే ఈ పరిశోధనకు సిద్ధాంత బలం ఇచ్చారు. మనుషులుగా లెక్కలోకి రానివాళ్ల మనిషితనాన్ని తిరిగి రాబట్టడమే ఈ విద్య పని అని ఆమె వాదన. ఆ వాదన మన నేల మీద కూడా నిలుస్తుందని నా నమ్మకం.

ఆ నల్లజాతి పరిశోధకులు చేసినవాటిలో నాకు అన్నిటికన్నా నచ్చింది డెలావేర్ విశ్వవిద్యాలయంలో 2012లో మొదలైన పని. 1830 నుంచి నల్లవాళ్లు తమ హక్కుల కోసం ఊరూరా మహాసభలు జరుపుకున్నారు. వాటి తీర్మానాలు, నివేదికలు చెల్లాచెదురైపోయాయి. ప్రొఫెసర్ గాబ్రియెల్ ఫోర్‌మన్, ఆమె విద్యార్థులు వాటిని ఏరి, స్కాన్ చేసి, పాఠాలుగా మలిచారు. నివేదికల్లో ఎక్కువగా మగవాళ్ల పేర్లే ఉంటాయి. అందుకని ఒక ప్రతినిధి గురించి రాసే విద్యార్థి, అతనితో ముడిపడిన ఒక స్త్రీ గురించి కూడా వెతకాలని నియమం పెట్టుకున్నారు. సభకు వచ్చినవాళ్లకు వండిపెట్టిందెవరు, ఇంట్లో చోటిచ్చిందెవరు, చందా పోగుచేసిందెవరు అని అడిగితే చరిత్ర ఎంత వెడల్పవుతుందో చూడండి.

మనకూ అలాంటి సభలున్నాయి. 1917లో బెజవాడలో భాగ్యరెడ్డి వర్మ అధ్యక్షతన సభ జరిగింది. పంచములమని పిలిపించుకోం, ఆది ఆంధ్రులమని ఆ సభ చాటింది. ఆ తర్వాత కోస్తాలో అనేక ఊళ్లలో ఆది ఆంధ్ర సభలు జరిగాయి. కవి కుసుమ ధర్మన్న లాంటివాళ్లు వాటికి గొంతునిచ్చారు. ఆ సభల అధ్యక్షోపన్యాసాలు, తీర్మానాలు, పత్రికల్లో వచ్చిన వార్తలు అన్నీ ఒక్కచోట దొరికే రోజు రావాలి. తెలుగు శాఖ ఉన్న ప్రతి విశ్వవిద్యాలయం తలకెత్తుకోవాల్సిన పని ఇది.

మన కాగితాలు ఎంత దూరం పోయాయో కూడా చెప్పాలి. అమెరికన్ బాప్తిస్టు మిషన్ దస్తావేజులు ఇప్పుడు అట్లాంటాలో ఉన్నాయి. నల్లజాతి మేధావి డబ్ల్యూ.ఇ.బి. డుబాయిస్ పాఠాలు చెప్పిన ఊరది. జార్జియా నల్లవాళ్ల జీవితాన్ని చేత్తో గీసిన రంగుల పటాలుగా 1900లో పారిస్ ప్రదర్శనకు పంపించింది ఆయనే. 1946లో అంబేడ్కర్ ఆయనకు ఉత్తరం రాశారు, ఆయన జవాబిచ్చారు. ఆ రెండు ఉత్తరాలనూ ఈ రోజు మన పిల్లలు ఫోన్లో చదవగలరు. క్లౌ భార్య ఎమ్మా మాదిగల కథలు, నమ్మకాలు సేకరించి 1899లో వేసిన పుస్తకం కూడా ఇంటర్నెట్టులో ఉంది. అది ఇంగ్లీషులో ఉంది, శీర్షికలోనే పరయా తెగ అని ఉంది. తమ తాతమ్మల మాటలు అందులో ఉన్నాయని తెలియక మాదిగ పేటల పిల్లలు దాన్ని వెతకనే వెతకరు. స్కాన్ చేస్తే పని సగమే అయినట్టు. ఎవరి గురించిన కాగితమో వాళ్లే దానికి వివరం రాసుకోవాలి, వాళ్ల భాషలో రాసుకోవాలి.

అందుకే ఈ మండలంలోని బడుల అయ్యవార్లను ఒకటి కోరుతున్నాను. పాత అడ్మిషన్ రిజిస్టర్లు, ప్రార్థనామందిరాల బాప్తిస్మపు పుస్తకాలు, ఇళ్లలో ట్రంకుపెట్టెల అడుగునున్న ప్రభుత్వ భూమికిచ్చిన డి.కె.టి. పట్టాలు, సమాధుల మీది పేర్లు పిల్లల చేత ఫోటోలు తీయించండి. పాత చేతిరాతను యంత్రం సరిగా చదవలేదు. పిల్లలు అవ్వల పక్కన కూర్చుని, తప్పులు దిద్దించుకుంటూ రాసుకోవాలి. ప్రతి తాత పేరు పక్కన ఒక అవ్వ పేరు తప్పకుండా ఉండాలి. ఇంటిపేరుతో కులం బయటపడుతుందని, పట్నంలో ఇల్లు అద్దెకు దొరకదని భయపడే కుటుంబాలున్నాయి. వాళ్లు వద్దంటే ఆ కాగితం ఇంటర్నెట్టుకు ఎక్కకూడదు, బడి బీరువాలోనే ఉండాలి. ఆ తాళం పేటవాళ్ల దగ్గరే ఉండాలి.