గూఢచారి పాట



1962లో వచ్చిన తొలి జేమ్స్ బాండ్ సినిమా ‘డాక్టర్ నో’కి ఆ పేరుతో పాటే లేదు. దానికి బదులు మాంటీ నార్మన్ కట్టిన బాణీని జాన్ బ్యారీ తీర్చిదిద్దారు. విక్ ఫ్లిక్ గిటారు తీగ మీటగానే, ఎవరో చీకట్లో వెనకాలే నడుస్తున్నట్టు ఉంటుంది! 1964లో ‘గోల్డ్‌ఫింగర్’కి బాకాల హోరును మించి షిర్లీ బాసీ గొంతెత్తారు. ఇక సినిమా పేరుతో పాట ఆనవాయితీ అయింది. 1973లో పాల్ మెకార్ట్నీ బాండ్ పాటలోకి రాక్ తెచ్చారు. ‘స్కైఫాల్’ పాటతో అడెల్ ఆస్కారే కొట్టారు.

ఇక తెలుగులో, మన కృష్ణగారి ‘గూఢచారి 116’ వచ్చింది 1966లో. సంగీతం టి. చలపతిరావు. మన గూఢచారికి తుపాకీ ఒక్కటే చాలదు, యుగళగీతమూ కావాలి. నాకైతే మాటల్లేని ఆ ‘డాక్టర్ నో’ గిటారే ఇష్టం.