కడుపులో పెండింగు ఫైలు

(సంఘ వార్షిక సర్వసభ్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



నాకంటే ముందు పెద్దలు డి.ఏ. బకాయిల గురించి, వైద్య బిల్లుల గురించి మాట్లాడారు. నన్ను మాత్రం కార్యదర్శిగారు "మీ కడుపు సంగతి చెప్పండి" అన్నారు. ముప్పై ఆరేళ్ళు గుమాస్తాగిరీ చేసినవాడిని, డాక్టరును కాను. నాకు జరిగినదీ, డాక్టర్లు విడమరచి చెప్పినదీ, తరువాత చదివి తెలుసుకున్నదీ మీ ముందు పెడతాను. ఇది మందుచీటీ కాదని ముందే మనవి.

నాకు షుగరు వచ్చి ఇరవై ఏళ్ళు దాటింది. 2020 చివరి నుంచి అన్నం ముందు కూర్చుంటే నాలుగు ముద్దలకే కడుపు నిండిపోయేది. పొద్దున తిన్న పప్పన్నం సాయంత్రం దాకా అక్కడే కూర్చున్నట్టుండేది. ఒక్కోసారి రాత్రి వాంతి అయితే మధ్యాహ్నం తిన్న బెండకాయ ముక్కలు ముక్కలుగానే వచ్చేవి. అందరిలాగే గ్యాస్ అనుకున్నాను. వాము నమిలాను, శొంఠిపొడి కలుపుకు తిన్నాను, సోడా తాగాను.

కంచంలో అన్నం వదిలేస్తుంటే ఇంట్లో మాట పుట్టింది. కోడలి వంట నచ్చక తినడం లేదని మా ఇంటావిడ అనుకుంది. ఆ అమ్మాయి రోజుకో కూర మార్చి మార్చి వండింది. ఒకనాడు వంటింట్లో ఏడుస్తుంటే నా చెవిన పడింది. "అమ్మాయ్, తప్పు నీ వంటది కాదు" అని అప్పుడైనా అనవలసింది. అనలేదు. తప్పు ఎక్కడుందో నాకే తెలియదు.

ఇంకో వింత. ఇన్సులిన్ వేసుకుని భోంచేసిన గంటకల్లా చెమటలు పట్టి షుగరు 52కి పడిపోయేది. నాలుగైదు గంటలు పోయాక చూస్తే 300 దాటేది. చాటుగా మిఠాయి తింటున్నానని మావాడికి అనుమానం. ఇల్లంతా ఒకరినొకరు అనుమానించుకోవడమే.

ఒక డాక్టరుగారు పదిహేను రోజులకని ఒక క్యాప్సూలు రాశారు. ఆమ్లం తగ్గించే మందూ, కడుపును కదిలించే లెవోసల్పిరైడ్ అనే మందూ కలిసినది. కొంత సుఖం అనిపించింది. గడువు అయ్యాక అదే చీటీ చూపించి మళ్ళీ కొన్నాను. తరువాత చీటీ కూడా అక్కర్లేకపోయింది. ఖాళీ స్ట్రిప్పు చూపిస్తే దుకాణంలో ఇచ్చేవారు. అలా పద్నాలుగు నెలలు మింగాను. డాక్టరుగారిని మళ్ళీ అడగలేదు. ఆ తప్పు నాదే.

2022 నవంబరులో పని ఉండి బ్యాంకుకు వెళ్ళి ఫారం మీద సంతకం పెట్టాను. కౌంటరులోని అమ్మాయి "తాతగారూ, సంతకం కలవడం లేదండీ" అంది. మళ్ళీ పెట్టాను. మూడోసారీ పెట్టాను. చేయి వణుకుతోంది, అక్షరాలు పోనుపోను చీమతలకాయలంత అయిపోతున్నాయి. కచేరీలో ముత్యాల్లాంటి రాత అని పేరు తెచ్చుకున్నవాడిని. చివరికి నా చేత వేలిముద్ర వేయించారు. ఉద్యోగంలో ఎంతమంది రైతుల బొటనవేలు పట్టుకుని నేను ముద్ర వేయించానో! ఆ రోజు ఇంటికి వచ్చి అన్నం ముట్టలేదు. అది కడుపు వల్ల కాదు.

మావాడు నరాల డాక్టరు దగ్గరికి తీసుకువెళ్ళాడు. వణుకు జబ్బు, అదే పార్కిన్సన్స్, వచ్చిందనే భయంతో కూర్చున్నాను. ఆయన మొదట అడిగిన మాట "వేసుకునే మందులన్నీ తెచ్చారా?" అని. సంచి బోర్లించాం. ఆయన ఈ క్యాప్సూలు ఒక్కటీ పక్కకు తీసి పెట్టారు. ఈ జాతి మందులు డోపమైన్ అనే రసాయనాన్ని అడ్డుకుంటాయట. ఎక్కువకాలం వాడితే, ముఖ్యంగా వయసు మళ్ళినవారిలో, వణుకు, బిగుసుకుపోవడం, నడక మందగించడం రావచ్చునట. అది ఆపించారు. అయిదు నెలలకు నా చేయి నిలకడకు వచ్చింది. చాలామందికి వారాల్లో, నెలల్లో తగ్గుతుందట గాని అందరికీ పూర్తిగా తగ్గుతుందని చెప్పలేమన్నారు.

ఇక అసలు జబ్బు. ఆయనే నన్ను జీర్ణకోశ వైద్యుల దగ్గరికి పంపారు. వారు ముందు ఎండోస్కోపీ చేసి, కడుపు దారిలో పుండు గాని, గడ్డ గాని, అడ్డం గాని లేదని తేల్చారు. తరువాత కడుపు ఎంత వేగంగా ఖాళీ అవుతోందో చూసే స్కాను. కడుపు కదలికను మార్చే మందులు కొద్దిరోజుల ముందే ఆపించారు. ఆ పొద్దున అణుమాత్రంగా రేడియోధార్మిక పదార్థం కలిపిన ఆహారం పెట్టి, నాలుగు గంటల వరకు మధ్యమధ్య ఫోటోలు తీశారు. నాలుగు గంటల తరువాత కడుపులో పది శాతానికి మించి మిగిలితే ఆలస్యం అన్నమాట. నాకు 31 శాతం మిగిలింది. ఈ జబ్బు పేరు గ్యాస్ట్రోపరేసిస్. షుగరు రోగులలో ఈ స్థితికి ఆ పేరు పెట్టినవారు కాసాండర్ అనే వైద్యులు, 1958లో.

మన భాషలో చెబుతాను. కడుపు ఉత్త సంచి కాదు, అదొక సెక్షను. పైభాగం వచ్చిన తపాలు తీసుకుని ఉంచుతుంది. కిందిభాగం నిమిషానికి మూడుసార్లు అలలాగా ముడుచుకుంటూ ఆహారాన్ని రుబ్బుతుంది. ముక్కలు ఒకటి రెండు మిల్లీమీటర్లకు నలిగాకే కొంచెం కొంచెంగా చిన్నపేగుకు పంపుతుంది. నీళ్ళు, మజ్జిగ త్వరగా దాటతాయి. గట్టి పదార్థాలు, నూనె, నెయ్యి ఆలస్యంగా కదులుతాయి. ఈ పనికి ఉత్తర్వులు తెచ్చేది మెదడు నుంచి దిగే వేగస్ నరం. ఏళ్ళ తరబడి షుగరు అదుపులో లేకపోతే ఆ నరమూ, కడుపు గోడలో తాళం వేసే కణాలూ దెబ్బతింటాయి. అప్పుడు తలుపు తెరిచే ఉంటుంది, దారిలో అడ్డం ఉండదు, ఫైలు మాత్రం కదలదు. ఇన్సులిన్ వేళకు పని మొదలుపెడుతుంది, అన్నం ఇంకా కడుపులోనే ఉంటుంది. అందుకే ముందు షుగరు పడిపోవడం, తరువాత ఎగరడం. మావాడి అనుమానానికి అక్కడ సమాధానం దొరికింది.

కారణం షుగరు ఒక్కటే కాదు. కడుపు ఆపరేషన్లలో ఆ నరం దెబ్బతిన్నా, పార్కిన్సన్స్ ఉన్నా, థైరాయిడ్ తగ్గినా రావచ్చు. చాలామందిలో కారణమే దొరకదు. స్త్రీలలో ఎక్కువగా కనబడుతుంది. కొన్ని మందులూ కడుపును నెమ్మదింపజేస్తాయి. నల్లమందు జాతి నొప్పి మాత్రలు, షుగరుకూ బరువు తగ్గడానికీ ఇప్పుడు వాడుతున్న సెమాగ్లుటైడ్ వంటివి అందులోవే. అవి వాడేవారు ఆపరేషనుకు వెళ్ళేటప్పుడు మత్తు డాక్టరుకు తప్పక చెప్పాలి.

కదలికల జబ్బు కడుపుకే పరిమితం కాదు. అన్నవాహిక కింది ద్వారం తెరుచుకోకపోతే అకలేసియా, ముద్ద దిగదు. పెద్దపేగు మందగిస్తే మొండి మలబద్ధకం. కొందరికి ఆపరేషను తరువాత కడుపు మరీ త్వరగా ఖాళీ అయి తల తిరుగుతుంది, దాన్ని డంపింగ్ అంటారు. అన్నిటినీ మనం పిలిచే పేరు ఒక్కటే: గ్యాస్!

ఇప్పుడు నా భోజనం సంగతి. రోజుకు రెండుసార్లు విస్తరి నిండా తినే అలవాటు మానేసి, అయిదారుసార్లు కొంచెం కొంచెంగా తింటున్నాను. మెత్తటి ఇడ్లీ, పలచటి పెసరకట్టు, మెత్తగా కలిపిన మజ్జిగన్నం, సొరకాయ, బీరకాయ చెక్కు తీసి ఉడికించినవి. వేపుళ్ళు, నేతి పిండివంటలు తగ్గించాను. షుగరువారికి పీచు మంచిదని అందరూ చెబుతారు. నిజమే, కాని కడుపు కదలనివారికి అదే పీచు ఉండలు కట్టి కూర్చునే ప్రమాదం ఉంది. అందుకని ఆకుకూర కాడలు, మునగకాయ పీచు, బత్తాయి తొనల తోలు, పచ్చి కూరగాయలు నాకు వద్దన్నారు. తిన్న వెంటనే పడుకోను, వరండాలో నాలుగడుగులు వేస్తాను. ఇన్సులిన్ వేళలూ మోతాదులూ డాక్టరుగారే మార్చారు. ఎవరూ సొంతంగా మార్చుకోకండి, ప్రాణానికే ముప్పు.

మందులు ఉన్నాయి. మెటోక్లోప్రమైడ్ ఎక్కువకాలం వాడితే ముఖం, నాలుక వాటంతట అవే కదిలే జబ్బు రావచ్చునని అమెరికా ఔషధ సంస్థ 2009లో గట్టి హెచ్చరిక పెట్టించింది. డోంపెరిడోన్ గుండె లయకు ఇబ్బంది చేయవచ్చునని యూరప్‌లో 2014లో ఆంక్షలు పెట్టారు. ఇవి చెడ్డ మందులని నేననడం లేదు. గడువు ఉన్న మందులు. గడువు దాటిన ఉత్తర్వు మీద పని నడిపితే ఏమవుతుందో మనకు తెలియనిదా?

మలం నల్లగా పోయినా, వాంతిలో రక్తం పడినా, ముద్ద దిగకపోయినా, కారణం లేకుండా బరువు తగ్గినా వాము డబ్బా కోసం వెతకకండి. ఆ రోజే ఆసుపత్రికి వెళ్ళండి.

చివరగా రెండు మనవులు. మొదటిది మన సభ్యులకు. ఇంటికి వెళ్ళాక ఒక తెల్లకాగితం తీసుకోండి. మందు పేరు, ఎందుకు, ఎవరు రాశారు, ఎప్పటినుంచి, ఎప్పటిదాకా అని అయిదు గడులు గీయండి. గడులు గీయడం మనకు కొత్త కాదు. చివరి గడి ఖాళీగా ఉన్న మందు గురించి ఈ వారమే డాక్టరును అడగండి. మీ అంతట మీరు మాత్రం ఆపేయవద్దు.

రెండవది కుటుంబసభ్యులకు. పెద్దవాళ్ళు కంచంలో అన్నం వదిలేస్తే అలక అనుకోకండి, వంటకు వంక పెడుతున్నారని బాధపడకండి. ఎన్ని ముద్దలకు కడుపు నిండుతోందో అడగండి. మా కోడలు ఇవాళ ఈ సభలోనే వెనుక వరుసలో ఉంది. రెండేళ్ళు ఆ అమ్మాయిని అకారణంగా బాధపెట్టాను. ఇంట్లో చెప్పాను, మీ అందరి ఎదుటా మరోసారి చెబుతున్నాను: అమ్మాయ్, నీ వంటలో ఏ లోపమూ లేదు.

ఇందాక గుమ్మం దగ్గర హాజరు రిజిస్టరులో నా సంతకం నేనే పెట్టాను. అనుమానం ఉన్నవారు పాత రిజిస్టరుతో సరిచూసుకోవచ్చు.