నడచు ఇసుకకొండలు

అమెరికాలోని చికాగో నగరమునకు ఆగ్నేయముగా, మిషిగన్ సరస్సు దక్షిణపు టొడ్డున ఇండియానా డ్యూన్స్ అను జాతీయోద్యానము కలదు. డ్యూన్స్ అనగా ఇసుకదిబ్బలు. ఉద్యానమనగానే మనకు పూలపాదులు, పచ్చిక బయళ్లు స్ఫురించును. ఇచ్చట నున్నవి గాలి పోగుచేసిన ఇసుకకొండలు, వాని నడుమ చిత్తడి నేలలు, వాని వెనుక అడవులు. వైశాల్యము సుమారు 15,000 ఎకరములే అయినను 1,100కు పైగా వృక్షజాతులు ఇందు కలవు. ఇంత చిన్నచోట ఇంత వైవిధ్య మెట్లు కలిగెనో విచారింతము.

సరస్సు అంచునుండి మనము లోపలికి నడచుచున్నామనుకొందము. అలలు తాకుచోట వట్టి ఇసుకయే. కొంత దూరము పోగానే మర్రం అను గడ్డి కనబడును. ఇసుక తన్ను కప్పినకొలది ఈ గడ్డి పైపైకి పెరుగుచు, లోపల కాండములను సాచి ఇసుకను పట్టి నిలుపును. మన కోస్తాలో రావణాసురుని మీసములను గడ్డి చేయు పనియు ఇట్టిదే. అట్లు నిలిచిన ఇసుకపై కాటన్‌వుడ్ చెట్లు, వాని వెనుక పైన్ చెట్లు, అంతకు వెనుక నల్ల ఓక్ వనములు. పూర్వము సరస్సు మట్టము హెచ్చుగా నుండెడిది. అది తగ్గినకొలది క్రొత్త దిబ్బలు ముందునకు వచ్చెను. కావున లోపలి దిబ్బలు వేలయేండ్ల నాటివి, ఒడ్డుదిబ్బలు నిన్నటివి. ఇసుక అడవిగా మారు చరిత్ర యంతయు ఒక్క నడకలో చూడవచ్చునన్నమాట. చికాగో విశ్వవిద్యాలయమునకు చెందిన హెన్రీ కౌల్స్ ఈ క్రమమును పరిశీలించి 1899లో ప్రకటించెను. ప్రకృతిశాస్త్రమున ఆ వ్యాసము నేటికిని ప్రసిద్ధము.

ఎండకు కాగు ఇసుకలో ఒక చిన్న పురుగు గరాటువంటి గుంత త్రవ్వి, అడుగున దాగి, జారిపడు చీమలకై కాచియుండును. ఆ ప్రక్కనే పసుపుపచ్చని పూలతో నాగజెముడు! మంచు కురియు దేశమున ఎడారిమొక్క యేమని మనకు వింత తోచును. దానికి కొలదిదూరములోనే ఉత్తరధ్రువ ప్రాంతపు పొదలును పెరుగుచున్నవి. ఇక పక్షులా, విశాలమైన నీటిని దాట నిచ్చగింపక ఒడ్డు వెంబడి వచ్చి, సరస్సు కొసనున్న ఈ దిబ్బలకడ గుమిగూడును.

అయితే మానవుడు ఈ ఇసుకను వట్టి సరుకుగా నెంచెను. మిషిగన్ సిటీ యను పట్టణముకడ హూసియర్ స్లయిడ్ అను సుమారు 200 అడుగుల కొండ యుండెడిది. గాజుజాడీల తయారీకై దానిని బండ్లకెత్తి తరలింపగా, 1920 నాటికి కొండయే మాయమయ్యెను. 1960 దశకమున నడిమి దిబ్బలు ఉక్కు కర్మాగారముల పాలయ్యెను. 1966లో మిగిలినదానికి చట్టరక్షణ లభించెను. 2019లో అది జాతీయోద్యాన మయ్యెను. కాని నేటికిని అది కర్మాగారముల నడుమ తునుకలు తునుకలుగానే యున్నది.

ఉన్నవానిలో మౌంట్ బాల్డీ యను దిబ్బ యేటేట కొన్ని అడుగులు లోపలికి నడచుచున్నది. జనుల పాదములక్రింద గడ్డి నశించినది. రేవుకట్టలు అడ్డుపడి క్రొత్త ఇసుక ఒడ్డునకు చేరకున్నది. నడచుచు ఈ దిబ్బ ఓక్ చెట్లను పూడ్చివేయును. అవి లోపల కుళ్లి బోలు గోతులగును. 2013లో ఆరేండ్ల బాలుడొకడు అట్టి గోతిలో పడి, మూడుగంటలకు పైగా ఇసుకలో నుండియు సజీవుడై బయటపడెను.

కార్నర్ బ్లూ అను అంగుళమంత నీలి సీతాకోకచిలుకకు మాత్రము అట్టి అదృష్టము లేకపోయెను. దాని గొంగళిపురుగు అడవి లూపిన్ ఆకు తప్ప వేరొకటి ముట్టదు. లూపిన్‌కు వెలుతురుగల ఓక్ వనము కావలయును. అప్పుడప్పుడు నిప్పు సోకనిదే వనము నీడతో మూసుకొనిపోవును. 2012లో వసంతము ముందుగా వేడెక్కెను, పిదప వేసవిలో అనావృష్టి కలిగెను. ఆ తరువాత కొలది యేండ్లకే ఆ చిలుక ఇచ్చట కనబడకుండపోయెను. ఇరుగుపొరుగు వనములనుండి మరల ఎగిరివచ్చుటకు దారియు లేదు, నడుమ రోడ్లు, కర్మాగారములు. ఉద్యానాధికారులు ఇప్పటికిని ఓక్ వనములలో తగిన అదను చూచి నిప్పు పెట్టించుచున్నారు. లూపిన్ పూయుచునేయున్నది.